సున్నపు పొరల మిద్దె

బుక్కరాయసముద్రం,
14 జూన్ 1998.

ప్రియమైన బావకు,

నమస్కారాలు. నువ్వూ, అక్కా, మేనకోడలు హేమా క్షేమమని తలుస్తాను.

కాలేజీ ఉద్యోగం వదిలేశాను. అక్కకు నువ్వే మెల్లగా చెప్పు. ఇక్కడ ఒక ట్రస్టు వాళ్లు మూతపడిన జిన్నింగు మిల్లు కొని మ్యూజియం పెడుతున్నారు. నన్ను డైరెక్టరుగా వేశారు. జీతం తక్కువే, కానీ నేను పదేళ్లుగా కోరుకున్న పని.

మన పిల్లలను లేపాక్షికి తీసుకుపోతే స్తంభాలు చూసి నోరు తెరుస్తారు. తాము పడుకునే గది గోడ ఎందుకంత మందమో, కిటికీ ఎందుకంత చిన్నదో, ఎండాకాలంలో ఆ గది ఎందుకు చల్లగా ఉంటుందో అడిగితే ఒక్కరూ చెప్పలేరు. కట్టడమంటే గుడీ, కోటా అనే అనుకుంటాం. నా మ్యూజియంలో ఇళ్లుంటాయి. జనం తమ ఇంటిని తాము చదువుకోవడం నేర్పాలి.

షెడ్డులో బొమ్మలు పెట్టి చెబితే చాలదు. మనుషులు కాపురమున్న మట్టి మిద్దె ఒకటి కావాలి. పిల్లలను బస్సులో తీసుకువచ్చి, లోపల కూర్చోబెట్టి చూపించాలి. నాయన కట్టించిన మిద్దె కన్నా మంచిది నాకు కనబడలేదు. రాతి గోడలు, వేప దూలాలు, వాటి మీద అడ్డం పరిచిన దంతెలు, ముళ్ల కంప, పైన చవుడు మట్టి. కప్పులోని గవాచి నుంచి వెలుతురు దిగి వంటింటి గడప దాకా వచ్చే తీరు ఎన్ని పుస్తకాలు చదివినా నాకు మళ్లీ దొరకలేదు.

నాయనను చివరిదాకా చూసుకున్నది అక్క. ఇల్లు ఆమెకు రాసిచ్చాడు. నాకు దాని మీద మాట లేదు. కానీ ఈ ఏడాది మిద్దె తీసేసి స్లాబు వేస్తున్నారని హేమ రాసింది. ఆపు బావా. అక్కను ఒప్పించు. నా పని అంతా ఆ ఇంటి మీదే నిలబడి ఉంది.

నీ
విష్ణువర్ధన్

విడపనకల్లు,
28 జూన్ 1998.

చిరంజీవి విష్ణువర్ధన్‌కు ఆశీస్సులు.

మేము క్షేమం. ఉద్యోగం మారిన సంగతి మీ అక్కకు చెప్పాను. సంతోషించింది. స్లాబు ఆపమన్న సంగతీ చెప్పాను. సంతోషించలేదు.

స్లాబుకు ఇసుక, కంకర తోలించి ఇంటి ముందర పోయించాం. నీ ఉత్తరం చదివి వినిపిస్తే ఆమె అన్న మాటలు ఉన్నవి ఉన్నట్టు రాస్తున్నాను. "వానికేమి, పిల్లోల్లకు సూపించి బస్సెక్కి పోతాడు. పైనుంచి తేళ్లు పడేది నా నెత్తిన. ఉడికే పప్పులో మన్ను రాలకుండా ఒక్క పూటన్నా వండినానా ఈ ఇంట్లో?"

సాయంత్రం ఆమే వచ్చి, "అడిగినోడు వాడు. రెండేండ్లు ఆగుతా. ఆ పైన వాడొచ్చి కాళ్లు పట్టుకున్యా ఆగేదిల్యా" అంది.

అంగడి పనిలో నాకు తీరిక తక్కువ. అయినా నువ్వు చెప్పింది మంచి పనిగానే తోచింది. బస్సు వచ్చే ముందు ఒక కార్డు రాయి.

దివాకర్

బుక్కరాయసముద్రం,
20 ఫిబ్రవరి 1999.

ప్రియమైన బావకు,

మొన్న మీ ఇంటికి వచ్చిన పిల్లలు ఇంటికి పోయి ఏం చేశారో తెలుసా? తమ గోడల మందం జానలతో కొలిచి బొమ్మలు వేసి పంపారు. ట్రస్టు అధ్యక్షురాలు వాటిని తన గది గోడకు అంటించుకుంది. పత్రికలో మన ఇంటి ఫోటో వచ్చింది. కత్తిరించి పంపుతున్నాను. గడపలో నిలబడ్డది అక్కే. నవ్వమంటే నవ్వలేదు.

ఇప్పుడు ఒక కొత్త ఆలోచన. వానలకు ముందు మిద్దె మీద పాత చవుడు గీకేసి కొత్తది పోస్తారు కదా. ఈసారి గీకవద్దు. పాతదాని మీద ఈ సంచిలో పంపే సున్నం పలచగా చల్లి, ఆ పైన కొత్త చవుడు పోయించు. ఏటా అలాగే. కొన్నేళ్ల తర్వాత మిద్దె అంచు ఒకచోట నిలువుగా కోసి చూపిస్తాను. మట్టి, తెల్లటి గీత, మట్టి, తెల్లటి గీత. ఒక్కో ఏడు ఒక్కో పొర. ఒక ఇల్లు ఎన్ని కరువులు మోసిందో కంటితో చూసి చెప్పవచ్చు. ఇది దేశంలో ఎక్కడా లేదు.

బరువు పెరుగుతుందని నాకు తెలుసు. నేను కాలేజీలో పాఠం చెప్పిందే అది. కానీ మన వైపు మట్టి తడిసేంత వాన ఎప్పుడు పడింది? పొడి మట్టిని ఆ దూలాలు అవలీలగా మోస్తాయి.

నీ
విష్ణు

విడపనకల్లు,
11 జూన్ 1999.

చిరంజీవి విష్ణుకు ఆశీస్సులు.

నువ్వు చెప్పినట్టే చేయించాను. సున్నం చల్లేటప్పుడు పక్కింటి తిమ్మన్న కింద నిలబడి, "ఏమప్పా దివాకర్, మిద్దెకు ముగ్గేస్తాండావా? పైనుంచి దేవుడు సూసి వాన కురిపిస్తాడనా?" అన్నాడు. కూలివాళ్లంతా నవ్వారు. ఇది మ్యూజియం పని అని చెప్పాను.

వాన లేదు కాబట్టి ఊళ్లో ఎవరూ ఈ ఏడు చవుడు పోయలేదు. మాది ఒక్కటే పోశాం.

నువ్వు పంపిన మ్యూజియం పేరున్న ఇనుప బోర్డు వాకిలి పక్కన పెట్టించాను. అంగడికి వచ్చేవాళ్లు దాని గురించి అడుగుతుంటారు. మొన్న తాసిల్దారు జీపు ఆపి చదివి, లోపలికి వచ్చి మజ్జిగ తాగి పోయాడు. నేను అంగడి పెట్టి ఇరవై ఏళ్లయింది. అలాంటివాళ్లు మా గడప తొక్కడం అదే మొదలు.

మీ అక్క ఇసుక కుప్ప వైపు చూపించి, గాలికి సగం పోయిందంది. మిగిలింది మిగులుతుందిలే అన్నాను.

దివాకర్

విడపనకల్లు,
2 జూలై 2000.

చిరంజీవి విష్ణుకు,

రెండేళ్లయింది. మీ అక్క మేస్త్రీని పిలవమంటోంది. రెండో పొర కూడా పోయించాం. వంటింటి మీద దంతె ఒకటి కొంచెం వంగినట్టుంది. మంచం మీద పడుకుంటే తెలుస్తుంది. నీ మాట కోసం ఆగాను. వెంటనే రాయి.

దివాకర్

హైదరాబాదు,
25 జూలై 2000.

బావకు,

ఆలస్యానికి ఏమీ అనుకోవద్దు. నెలలో సగం రోజులు ఇక్కడే గడుస్తున్నాయి. ఇళ్లను జనానికి ఎలా చూపించాలో ఆరు జిల్లాల టీచర్లకు శిక్షణ ఇవ్వమని ప్రభుత్వం అడిగింది. ఎక్కడ మాట్లాడినా మొదలుపెట్టేది మన ఇంటితోనే. తెర మీద అక్క వంటిల్లు కనబడగానే వెనక వరుసలవాళ్లు లేచి నిలబడి చూస్తారు.

ఇలాంటి సమయంలో స్లాబు అంటున్నారు. వచ్చే ఏడాది ఢిల్లీ నుంచి కొందరు పెద్దలు చూడటానికి వస్తారు. వాళ్ల ముందు సిమెంటు పెట్టి నేను ఏం చెప్పాలి? రెండేళ్లు అన్నది అక్క. నేను ఒప్పుకున్నట్టు ఎక్కడా రాయలేదు.

దంతె వంగితే దాని కింద ఒక గుంజ నిలబెట్టించు. ధాన్యం కాగుల చాటున పడేటట్టు చూడు. ఫోటోల్లో రాకూడదు.

ఇంకో మాట. నాయన రాళ్లు మోసి కట్టుకున్న ఇల్లు అది. పప్పులో మట్టి పడుతోందని పగలగొట్టేవాళ్లకు ఇచ్చిపోతున్నానని తెలిసి ఉంటే ఆయన ఏమనేవాడో అక్కను ఆలోచించుకోమను.

విష్ణువర్ధన్

విడపనకల్లు,
16 ఆగస్టు 2000.

విష్ణువర్ధన్‌కు,

నీ ఉత్తరం మొత్తం చదివి వినిపించాను. చివరి మాట చదవకుండా ఉండవలసింది. మీ అక్క లేచి పోయి గుంజ ఎక్కడ పెట్టాలో తనే చూపించింది. అప్పటి నుంచి స్లాబు మాట ఎత్తలేదు.

ఇసుక తిమ్మన్న అడిగితే ఇచ్చేశాను. వాళ్లు స్లాబు వేస్తున్నారు.

దివాకర్

బళ్లారి,
19 అక్టోబరు 2001.

విష్ణువర్ధన్‌కు,

టెలిగ్రాం అంది ఉంటుంది. వివరం రాస్తున్నాను.

మూడు రోజులు ఆగకుండా వాన పడింది. ఊరంతా సంబరపడ్డాం. మిద్దె కారుతుంటే మీ అక్క గిన్నెలు పెట్టింది. నాలుగో పొద్దున వాన తెరిపిచ్చింది. నేను, తిమ్మన్న అరుగు మీద కూర్చుని శనక్కాయ పంట గురించి మాట్లాడుతున్నాం. మీ అక్క లోపల కొర్రలు చెరుగుతోంది. చేట చప్పుడు వినబడుతూనే ఉంది. తర్వాత వంటిల్లు మొత్తం కూర్చుండిపోయింది. చప్పుడు పెద్దగా రాలేదు. తడిసిన మట్టి కదా.

ఊరివాళ్లు చేతులతో తోడారు. తల బయటే ఉంది. తెలివిలోనే ఉంది. తిమ్మన్నను చూసి, "నా కాళ్లు యాడుండాయో సూడన్నా" అంది. కాళ్లు అక్కడే ఉన్నాయి.

వెన్నెముక విరిగిందని ఇక్కడి ఆసుపత్రి డాక్టరు చెప్పాడు. నడుము కింద ఇక ఏమీ తెలియదట. నడవదు, కూర్చోదు. ప్రాణానికి భయం లేదన్నాడు.

నిన్నే అడుగుతోంది. వచ్చిపో.

దివాకర్

హైదరాబాదు,
27 అక్టోబరు 2001.

బావగారికి,

టెలిగ్రాం అందినప్పటి నుంచి నాకు అన్నం సహించడం లేదు. నన్ను నడుముకెత్తుకుని తిప్పిన మనిషి. రావాలనే ఉంది. కానీ ఒకటో తేదీన ఇక్కడ ప్రదర్శన మొదలవుతుంది. గవర్నరు వస్తున్నారు. అది కాగానే బయలుదేరతాను.

ఒక విషయం చెప్పక తప్పదు. గీకవద్దని నేను చెప్పింది వాన లేని ఏళ్లకు. మూడు రోజులు వాన పడుతుంటే మీరు మిద్దె ఎక్కి చూడాలి. కనీసం అక్కను పక్కింట్లో పెట్టాలి. అంత బరువు నెత్తిన ఉందని తెలిసీ అరుగు మీద కూర్చున్నారంటే నాకు నమ్మబుద్ధి కావడం లేదు. ఎవరైనా అడిగితే నేను ఏం చెప్పాలో కూడా తెలియడం లేదు. అందుకని ఈ సంగతి బయట ఎక్కువగా మాట్లాడకండి.

ఇంకొకటి. కూలిన చోట మట్టి ఎత్తించకండి. గోడ వైపు మిద్దె అంచు విరిగి నిలబడి ఉందని తిమ్మన్న ఫోనులో చెప్పాడు. సున్నపు గీతలు మూడూ కనబడుతున్నాయట. ఫోటోగ్రాఫరును పంపుతున్నాను. వాన మళ్లీ పడేలోగా టార్పాలిన్ కప్పించండి.

విష్ణువర్ధన్

గుంతకల్లు,
15 జనవరి 2002.

విష్ణువర్ధన్ గారికి,

మేము ఇప్పుడు హేమ దగ్గర ఉన్నాం. అల్లుడిది రైల్వే క్వార్టర్సు. పైన స్లాబు ఉంది. మీ అక్క వెల్లకిలా పడుకుని రోజంతా దాన్నే చూస్తుంటుంది. బాగుందంటుంది.

ఫోటోగ్రాఫరు వచ్చాడు. టార్పాలిన్ కప్పించే పెట్టాను. అతను రెండు రోజులు తీశాడు.

మిద్దె ఎక్కి చూడలేదన్నారు. నిజమే. బరువు సంగతి నాకు తెలుసు. మీకూ తెలుసు. తెలిసి నాకు మీరు చెప్పారు, తెలిసి కూలివాళ్లకు నేను చెప్పాను. తెలియకుండా ఉన్నది ఆమె ఒక్కతే అనుకుంటే అదీ కాదు. మనం నోరు మూయించేదాకా ఏటా చెప్పింది. మీకు మ్యూజియం కావలసి వచ్చింది, నాకు వాకిట్లో బోర్డు కావలసి వచ్చింది. నన్ను మాత్రం రోజూ ఆమె ముందు కూర్చోబెట్టారు. మీరు ఇంకా రాలేదు.

మిగిలిన రాళ్లూ, దూలాలూ మ్యూజియానికి ఇమ్మని మొన్నటి కార్డులో మీరు అడిగింది ఆమెకు చెప్పాను. "తీస్కపొమ్మను. గోడలు, గడప, గవాచి మూసే బండ, అన్నీ తీస్కపొమ్మను. ఆడ ఏమీ మిగలొద్దు" అంది. సంతకానికి కాగితం పంపండి. చేతులు పనిచేస్తాయి.

దివాకర్

బుక్కరాయసముద్రం,
8 ఫిబ్రవరి 2003.

బావగారికి, అక్కకు,

నమస్కారాలు. ఏడాది పని పూర్తయింది. మిల్లు ఆవరణలో మన ఇల్లు లేచి నిలబడింది. ఒక్కో రాయికి అంకె వేసి, తీసిన వరుసలోనే మళ్లీ పెట్టాం. గవాచి వెలుతురు వంటింటి గడపను తాకినప్పుడు నేను ఏడ్చాను. ఒక గోడ వైపు మిద్దె అంచును అద్దంలో బిగించాం. మూడు తెల్లటి గీతలు. జనం దాని ముందు కదలకుండా నిలబడిపోతున్నారు. మొదటి నెలలోనే నాలుగు జిల్లాల బళ్లు వచ్చిపోయాయి.

కప్పు గురించి దిగులు వద్దు. కింది నుంచి చూస్తే దూలాలు, దంతెలు, కంప పాతవే. వాటి పైన కనబడకుండా ఇనుప కడ్డీలు వేసి సిమెంటు స్లాబు పోయించి, దాని మీద పలచగా చవుడు పరిచాం. సందర్శకుల భద్రత విషయంలో ట్రస్టు రాజీ పడదు. నేనూ పడను.

ఢిల్లీలో ఒక జాతీయ సంస్థ నన్ను పిలిచింది. కట్టడాల గురించి దేశమంతటా జనానికి తెలియజెప్పే విభాగం. మార్చిలో చేరుతున్నాను. ఈ మ్యూజియానికి గౌరవ డైరెక్టరుగా కొనసాగుతాను. వెళ్లేలోగా గుంతకల్లు రావాలనుకున్నాను. వీలు కాలేదు. రైలు అటునుంచే పోతుంది కాబట్టి స్టేషనులో కలుద్దామంటే, అక్కను తీసుకురావడం కష్టమేమో.

విష్ణువర్ధన్

గుంతకల్లు,
30 మార్చి 2003.

విష్ణువర్ధన్ గారికి,

తిమ్మన్న తన మనవడి బడి పిల్లలతో మీ మ్యూజియం చూసి, అటునుంచి మా దగ్గరికి వచ్చాడు. గుమ్మంలో నిలబడి లోపలికి రాలేదు. ఏమైందని అడిగాను. "ఏమప్పా, మీ ఇంటామె సచ్చిపోయినట్టు రాసినారే ఆడ" అన్నాడు.

వంటిల్లు ముందర బోర్డు మీద ఉన్నది అతను మనవడి చేత రాయించుకుని తెచ్చాడు. "ఈ గదిలోనే 2001 అక్టోబరు వానలకు మిద్దె కూలి ఈ ఇంటి ఇల్లాలు ప్రసూనమ్మ మరణించారు. ఒక నిమిషం మౌనం పాటించండి." పిల్లలు వరుసగా నిలబడి పాటించారట. తిమ్మన్న కూడా నిలబడ్డాడట. అందరూ నిలబడితే ఏం చేయాలో తెలియలేదన్నాడు.

మీ అక్క విన్నది. మంచం ముందు గదిలోనే ఉంది. పొరపాటుగా రాసి ఉంటే తీయించండి.

దివాకర్

న్యూఢిల్లీ,
21 ఏప్రిల్ 2003.

బావగారికి,

పొరపాటు కాదు. వివరిస్తాను, కోపం లేకుండా చదవండి.

మొదట "తీవ్రంగా గాయపడ్డారు" అనే రాయించాను. వచ్చిన ప్రతి ఒక్కరూ ఆమె ఇప్పుడు ఎక్కడుంది, ఎలా ఉంది, ఎవరు చూస్తున్నారు, ట్రస్టు ఏమిచ్చింది అని అడగడం మొదలుపెట్టారు. ఇల్లు ఎవరూ చూడలేదు. గోడ గురించి, బరువు గురించి, వాన గురించి ఒక్కరూ వినలేదు. అధ్యక్షురాలు బోర్డు మార్చమంది. మార్చిన తర్వాత జనం మౌనంగా నిలబడి, ఆ పైన అద్దంలోని పొరలు చూసి, ఇంటికి పోయి తమ మిద్దెల మీద మట్టి గీకుతున్నారు. ఆ ఒక్క మాట వల్ల ఎన్ని ప్రాణాలు నిలుస్తాయో ఆలోచించండి. అక్క మంచి మనసుకు ఇది తెలుస్తుంది.

ఆగస్టులో ఇక్కడి నుంచి నిపుణుల సంఘం మ్యూజియం చూడటానికి వస్తోంది. దేశం మొత్తానికి మాదిరిగా దాన్ని ఎంపిక చేసే అవకాశం ఉంది. అంతవరకు బోర్డు ముట్టుకోలేను. ఆ తర్వాత చూద్దాం.

విష్ణువర్ధన్

గుంతకల్లు,
12 జూలై 2003.

డైరెక్టరు గారికి,

మీ ఉత్తరం మీ అక్కకు చదివి వినిపించాను. తర్వాత ఒకరోజు, "నేను సచ్చిన తావు సూపించండి" అంది. అల్లుడు వద్దన్నాడు. హేమ ఏడ్చింది. ఆమె మాట మార్చలేదు.

సోమవారం జీపు మాట్లాడాం. నులక మంచం మీద పడుకోబెట్టి, మంచంతో సహా ఎక్కించాం. తిమ్మన్న కూడా వచ్చాడు. గేటు దగ్గర కాపలా మనిషి మంచానికి అడ్డం నిలబడి అందరికీ టికెట్టు తీసుకోమన్నాడు. "సచ్చినోల్లకు గూడా టికెట్టా అప్పా?" అని తిమ్మన్న అడిగాడు. ఆ మనిషికి అర్థం కాలేదు. తీసుకున్నాం.

మంచం వంటింట్లో దించాం. ఆమె మొదట కప్పు చూసింది. "పైన సిమెంటు ఉండేది నిజమేనా?" అని కాపలా మనిషిని అడిగింది. ఉందమ్మా, ఏనుగెక్కినా కూలదన్నాడు. "ఇల్లంటే ఇట్లుండాల. మావోడు మంచిగా కట్టించినాడు" అంది.

అంతలో ఉరవకొండ వైపు బడి పిల్లలు వచ్చారు. టీచరమ్మ బోర్డు గట్టిగా చదివింది. పిల్లలు తలలు వంచి నిలబడ్డారు. మీ అక్క వాళ్లతో పాటు కళ్లు మూసుకుంది. అయిపోయిన తర్వాత ఒక పాప మంచం దగ్గరికి వచ్చి, నువ్వెవరు అవ్వా అని అడిగింది.

"నేనేమ్మా ఆ సచ్చినామెను. మా తమ్ముడు రాసినాడు. సదువుకున్నోడు."

టీచరమ్మ పిల్లలను బయటికి పొమ్మంది. కొందరు పోయారు. ఆ పాప పోలేదు. మీ అక్క కాలి బొటనవేలు ముట్టుకుని చూసింది. మీ అక్కకు తెలియలేదు. ఆమె ఇంకా నవ్వుతూ ఆ పాప మొహమే చూస్తోంది.

సాయంత్రం గేటు మూసేదాకా అక్కడే ఉంటానంది. ఉన్నాం. తిరిగి వచ్చేటప్పుడు జీపులో చెప్పింది. ఆమె చెప్పినట్టే రాస్తున్నాను.

"బోర్డు తీయొద్దని రాయి. రాసింది రాసినట్టే ఉండనీ. దాన్ని సూసి ఒకరన్నా మన్ను గీక్కుంటే మంచిదే. కానీ ఆడబిడ్డ సచ్చిపోతే కాటికి పోయేముందర పుట్టింటోల్లు చీర తెచ్చి కప్పాల. అది మా నాయన ఉంటే నాయన తెచ్చుండు, లేడు కాబట్టి వాడు తేవాల. సచ్చిందని ఊరూరికీ చెప్పినాడే, చీర యాడ? పంపమను. నా కండ్లతో సూసుకుంటా."

దివాకర్

న్యూఢిల్లీ,
2 సెప్టెంబరు 2003.

బావగారికి,

ఇలాంటి మాటలు అక్క అనేది కాదు. మంచం మీద పడి మనసు అలా అయిపోయిందని సరిపెట్టుకున్నాను. ఆ అర్థంలో చీర నేను పంపలేను. నా అక్కకు కట్టుకోవడానికి ఒక మంచి చీర పంపాలనిపించి పంపుతున్నాను. ధర్మవరం పట్టు ఇక్కడ దుకాణంలో దొరికింది. ఆమెకు నచ్చుతుంది.

మ్యూజియాన్ని ఎంపిక చేశారు. సంఘంలోని ఒక పెద్దాయన వంటింటి ముందు కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. ఇకపై ఇలాంటివి ఎనిమిది రాష్ట్రాల్లో పెడతారు. ఆ పని నాకే అప్పగించారు.

జూలైలో మీరు అక్కడికి వెళ్లిన సంగతి ఆ బడి టీచరు ద్వారా ట్రస్టుకు తెలిసింది. నేను సర్దిచెప్పాను. ఎవరో మతి సరిగా లేని ఆమె అని రాయించాను. దయచేసి మళ్లీ వెళ్లవద్దు.

విష్ణువర్ధన్

గుంతకల్లు,
19 సెప్టెంబరు 2003.

డైరెక్టరు గారికి,

చీర అందింది. ఉత్తరం మొత్తం చదివి వినిపించాను. మతి సరిగా లేని ఆమె అన్న చోట ఆపాను. చదవమంది. చదివాను.

చీర హేమ విప్పింది. మీ అక్క అంచు పట్టుకుని చూసింది. నేత బాగుందంది. తర్వాత మొహం మీది నుంచి పాదాల దాకా కప్పి చూడమంది. హేమ చేయనని బయటికి పోయింది. నేను కప్పాను. సరిపోయింది. కొంతసేపు అలాగే ఉంచమని, తర్వాత తీసేసి మడత పెట్టమంది. కట్టుకోదట. పెట్టెలో పెట్టించింది.

పుట్టింటి వాళ్లు తేవలసింది వచ్చేసింది కాబట్టి మీ వంతు తీరిపోయిందని రాయమంది. ఇక ఆమె నిజంగా పోయిన రోజున మీకు కబురు చేయవద్దని నా చేత చేయి వేయించుకుంది.

చేయను.

దివాకర్